ఏ సెలవు పెడితే ఇంక్రిమెంట్ ఎటు పోతుంది? సర్కారు కాలేజీ లెక్చరర్ల కోసం

నల్లగొండ నాగార్జున డిగ్రీ కాలేజీలో ఉన్నా, పాలమూరు ఎంవీఎస్‌లో ఉన్నా, దేవరకొండలోనో అచ్చంపేటలోనో జూనియర్ కాలేజీలో ఉన్నా, లీవు పెట్టే ముందు లెక్చరర్లు అడిగేది ఒక్కటే: "ఈ నెల జీతం కట్ అవుతదా?" ఆ నెల జీతం సంగతి చిన్నది, ఒక్కసారితో అయిపోతుంది. ఇంక్రిమెంట్ తేదీ జరిగిందా, ప్రొబేషన్ పెరిగిందా, క్యాస్ (డిగ్రీ లెక్చరర్ల కెరీర్ అడ్వాన్స్‌మెంట్ స్కీమ్) ప్రమోషన్‌కో, ఆటోమేటిక్ అడ్వాన్స్‌మెంట్‌కో (జూనియర్ లెక్చరర్లకు అదే పోస్టులో నిర్ణీత ఏళ్లకు స్కేలు పెరగడం) లెక్కపెట్టే సంవత్సరాలు తగ్గాయా అన్నవి రిటైరయ్యే దాకా వెంటాడతాయి. ఈ మూడు లెక్కలూ వేర్వేరు. ఒకే సెలవు ఒక లెక్కలో సర్వీసుగా నిలుస్తుంది, ఇంకో లెక్కలో జారిపోతుంది. ఆఫీసులో బిల్లు చేసే వాళ్లు సాధారణంగా మొదటిది ఒక్కటే చూస్తారు. మిగతా రెండూ మనమే చూసుకోవాలి.

ముందు ఇంక్రిమెంట్. దీనికి మూలం ఫండమెంటల్ రూల్ 26. టైమ్ స్కేల్ పోస్టులో చేసిన డ్యూటీ అంతా ఇంక్రిమెంట్‌కు లెక్కకు వస్తుంది. ఎర్న్‌డ్ లీవ్, హాఫ్ పే లీవ్, కమ్యూటెడ్ లీవ్, 180 రోజుల ప్రసూతి సెలవు, మహిళా ఉద్యోగులకు తెలంగాణలో ఇచ్చే 90 రోజుల చైల్డ్ కేర్ లీవ్, పితృత్వ సెలవు అన్నీ లెక్కకు వస్తాయి. క్యాజువల్ లీవ్ అసలు డ్యూటీ కిందే జమ. బదిలీ మీద గద్వాల నుంచి కోదాడకు పోయేటప్పుడు వాడుకునే జాయినింగ్ టైమ్ కూడా లెక్కలో ఉంటుంది. సగం జీతం వచ్చే హాఫ్ పే లీవ్ పెడితే ఇంక్రిమెంట్ సగమే అవుతుందనో, ఆరు నెలలు జరుగుతుందనో స్టాఫ్ రూముల్లో ఒక నమ్మకం ఉంది. అది తప్పు. జీతం సగమైనా సర్వీసు పూర్తిగా లెక్కే.

లెక్కకు రానిది ఒక్కటే, ఎక్స్‌ట్రా ఆర్డినరీ లీవ్. మనం ఈవోఎల్ అంటాం, పాతవాళ్లు లాస్ ఆఫ్ పే అంటారు. దీనికీ ఒక మినహాయింపు ఉంది. అనారోగ్యం వల్ల గానీ, ఉద్యోగి చేతిలో లేని కారణం వల్ల గానీ, ఉన్నత శాస్త్ర, సాంకేతిక చదువు కోసం గానీ పెట్టిన ఈవోఎల్‌ను ఇంక్రిమెంట్‌కు లెక్కించాలని ఉత్తర్వు ఇవ్వొచ్చు. వైద్య కారణాల మీద పెట్టినదైతే ఆరు నెలల వరకు ఆ అధికారం శాఖాధిపతిది, అంతకు మించితే ప్రభుత్వానిది. ప్రిన్సిపాల్‌కు ఆ అధికారం లేదు. ఎక్కువమంది దెబ్బతినేది ఇక్కడే, దాని దగ్గరికి మళ్లీ వస్తాను.

ఈవోఎల్ ఎన్ని రోజులైతే ఇంక్రిమెంట్ అన్ని రోజులు వెనక్కి పోతుంది. రాష్ట్ర స్కేళ్లలో ఇంక్రిమెంట్ నెలలో ఏ తారీఖున పడినా ఆ నెల ఒకటి నుంచే ఇచ్చే పద్ధతి 1974 నుంచి ఉంది. జూనియర్ లెక్చరర్లకు ఇది కొంత కలిసొస్తుంది. ఇంక్రిమెంట్ తేదీ జూలై 1 అనుకోండి. ఆ ఏడాదిలో 20 రోజుల ఈవోఎల్ ఉంటే తేదీ జూలై 21కి జరుగుతుంది, డబ్బు మాత్రం జూలై 1 నుంచే వస్తుంది. 40 రోజులైతే ఆగస్టు 10కి పోతుంది, ఆగస్టు 1 నుంచి ఇస్తారు. ఒక నెల పోయింది. మూడు నెలలు పెడితే అక్టోబర్ 1.

"మూడు నెలల ఇంక్రిమెంటే కదా, ఎంత పోతది" అనుకోవద్దు. తేదీ ఒకసారి అక్టోబర్‌కు జరిగితే ఇక ప్రతి ఏడాదీ అక్టోబరే. లెక్క సులువు కావడానికి ఇంక్రిమెంట్ రూ. 1,500 అనుకుందాం. ప్రతి సంవత్సరం జూలై, ఆగస్టు, సెప్టెంబర్ మూడు నెలలు కొత్త ఇంక్రిమెంట్ లేకుండా గడుస్తాయి, అంటే ఏడాదికి రూ. 4,500. ఇంకా ఇరవై ఏళ్ల సర్వీసు ఉన్న లెక్చరర్‌కు అది రూ. 90,000. ఇది ఇంక్రిమెంట్ పెరగకుండా అక్కడే ఆగిందనుకుని వేసిన లెక్క. దాని మీద పడాల్సిన డీఏ, హెచ్‌ఆర్‌ఏ కలపలేదు, పీఆర్సీలో (వేతన సవరణలో) కొత్త జీతం ఫిక్సేషన్ మీద పడే తేడా కూడా కలపలేదు.

ఈవోఎల్‌తో ఇంకో చిక్కు, మధ్యలో వచ్చే సెలవు దినాలు. శుక్రవారం ఈవోఎల్, సోమవారం మళ్లీ ఈవోఎల్ అయితే మధ్యలోని రెండో శనివారం, ఆదివారం కూడా ఈవోఎల్‌గానే పడతాయి. దసరా సెలవులకు ముందూ వెనకా ఈవోఎల్ పెడితే ఆ సెలవులన్నీ అందులో కలిసిపోతాయి. మన చేతి లెక్కలో 25 రోజులున్న సెలవు ఎస్‌ఆర్‌లో (సర్వీసు రిజిస్టర్‌లో) 36గా కనిపించేది అందుకే. నెల గీత దాటిందా లేదా అన్నది ఈ రోజుల మీదే తేలుతుంది. కాబట్టి దరఖాస్తు రాసే ముందే క్యాలెండర్ పెట్టుకుని లెక్కపెట్టాలి.

డిగ్రీ కాలేజీ వాళ్లది వేరే పద్ధతి. 2016 జనవరి 1 నుంచి వర్తించిన యూజీసీ ఏడో వేతన స్కేళ్లలో ఇంక్రిమెంట్ తేదీలు రెండే: జనవరి 1, జూలై 1. నియామకం, ప్రమోషన్ తేదీని బట్టి రెంటిలో ఒకటి మనది. ఏడాదికి ఒక్కటే ఇంక్రిమెంట్. మధ్యలో అక్టోబర్ 1, ఆగస్టు 1 లాంటి మెట్లు లేవు కాబట్టి తేదీ జరిగితే నెలలా జరగదు, గుత్తగా జరుగుతుంది. జూలై 1 ఒక్కటే తేదీగా ఉన్న 2006 స్కేళ్ల కాలంలో కేంద్ర ఆర్థిక శాఖ ఒక వివరణ ఇచ్చింది: జూలై నుంచి జూన్ దాకా లెక్కకొచ్చే సర్వీసు ఈవోఎల్ వల్ల ఆరు నెలల కంటే తగ్గితే ఇంక్రిమెంట్ తర్వాతి జూలైకి పోతుంది. చిన్న ఈవోఎల్ పెట్టినవాళ్లకు అది మేలే. ఆరు నెలల హద్దు దాటితే మాత్రం దెబ్బ పెద్దది. లెవల్ 10లో (అసిస్టెంట్ ప్రొఫెసర్ మొదటి స్కేలు) మొదటి మెట్టు రూ. 57,700, తర్వాత 59,400, 61,200, 63,000, 64,900, 66,800, 68,800. తేదీ జూలై నుంచి జనవరికి పడిందనుకుంటే మొదటి ఏడాది పోయేది 1,700 చొప్పున ఆరు నెలలు, రూ. 10,200. ఆరు మెట్లూ అలాగే ఎక్కితే ఆరేళ్లలో మూల వేతనంలోనే రూ. 66,600.

ఇంక్రిమెంట్ తేదీ రోజున సెలవులో ఉంటే ఏమవుతుందన్నది ఇంకో సంగతి. ఈవోఎల్ కాని ఏ సెలవైనా సరే, తేదీ జరగదు. కానీ సెలవు జీతం సెలవుకు ముందు తీసుకున్న వేతనం మీదే లెక్కగడతారు కాబట్టి, పెరిగిన డబ్బు తిరిగి విధుల్లో చేరిన రోజు నుంచే చేతికి వస్తుంది. రూ. 57,700 మీద ఉన్నవారు జూన్ 20 నుంచి జూలై 19 దాకా కమ్యూటెడ్ లీవ్ పెట్టి 20న చేరితే, జూలైలో 19 రోజులకు రూ. 1,700లో వాటా సుమారు రూ. 1,042 పోతుంది, అంతే. వచ్చే ఏడాది మళ్లీ జూలై 1నే. ప్రసూతి సెలవులో ఉండగా ఇంక్రిమెంట్ తేదీ వచ్చినా ఇదే లెక్క. కొన్ని ఆఫీసుల్లో దీన్ని పొరపాటుగా అర్థం చేసుకుని చేరిన తేదీనే కొత్త ఇంక్రిమెంట్ తేదీగా ఎస్‌ఆర్‌లో రాసేస్తారు. సెప్టెంబర్ 12న చేరిన మేడంకు అక్కడి నుంచి ప్రతి ఏడూ సెప్టెంబర్‌లోనే ఇంక్రిమెంట్ వేస్తారు. ఆమె పెట్టింది ఈవోఎల్ కాదు, ప్రసూతి సెలవు. అలా రాయడానికి ఏ రూలూ ఒప్పుకోదు. ప్రసూతి సెలవు నుంచి వచ్చినవాళ్లు మొదటి జీతం బిల్లులోనే వేతనం పెరిగిందో లేదో చూసి ఊరుకోకుండా, ఎస్‌ఆర్‌లో "తదుపరి ఇంక్రిమెంట్" గడిలో ఏ తేదీ పడిందో కళ్లారా చూసుకోవాలి.

ఆ రోజు క్యాజువల్ లీవ్‌లో ఉంటే ఏ తేడా రాదు. వేసవి వెకేషన్‌లో ఇంక్రిమెంట్ తేదీ పడినా తేడా రాదు, వెకేషన్ డ్యూటీ కిందే లెక్క.

ఇప్పుడు ఈవోఎల్‌లో అనవసరంగా ఎలా పడతారో చూద్దాం. సెలవు నిబంధనల ప్రకారం ఈవోఎల్ ఇచ్చేది రెండు సందర్భాల్లోనే. ఖాతాలో ఇంకే సెలవూ లేనప్పుడు ఒకటి. ఖాతాలో సెలవున్నా ఉద్యోగి తానే రాతపూర్వకంగా ఈవోఎల్ కావాలని అడిగినప్పుడు రెండోది. ఈ రెండోదే ఉచ్చు. దరఖాస్తులో తొందరగా "ఈవోఎల్ మంజూరు చేయగలరు" అని రాసి సంతకం పెడితే, ఖాతాలో 140 రోజుల హాఫ్ పే లీవ్ మూలుగుతున్నా ఆఫీసు ఈవోఎల్లే ఇస్తుంది, అది న్యాయమే అవుతుంది. రాసే ముందు సెలవు ఖాతా నకలు అడగండి. మన కాలేజీలు వెకేషన్ శాఖ కింద వస్తాయి కాబట్టి ఎర్న్‌డ్ లీవ్ ఏడాదికి ఆరు రోజులే, జనవరిలో మూడు, జూలైలో మూడు. అది అయిపోవడం సహజం. హాఫ్ పే లీవ్ అట్లా కాదు. పూర్తయిన ప్రతి సర్వీసు సంవత్సరానికి 20 రోజులు చేరుతూనే ఉంటుంది, చాలామంది ఖాతాలో ఉందన్న సంగతే మరిచిపోతారు. వైద్య ధ్రువపత్రం పెడితే దాన్ని కమ్యూటెడ్ లీవ్‌గా మార్చి పూర్తి జీతం తీసుకోవచ్చు. ఒక రోజుకు రెండు రోజులు తరుగుతాయి. సర్వీసు మొత్తం మీద 240 రోజుల కమ్యూటెడ్ లీవ్ హద్దు. ఆరేళ్ల సర్వీసున్న లెక్చరర్‌కు 120 రోజుల హాఫ్ పే లీవ్ ఉంటుంది, అంటే ఆపరేషన్‌కు 60 రోజులు పూర్తి జీతంతో పెట్టుకోవచ్చు, ఇంక్రిమెంట్ ఒక్కరోజు కూడా జరగదు.

కొత్తగా చేరినవాళ్ల పరిస్థితే కష్టం. 2025 మార్చిలో నియామక పత్రాలు అందుకున్న జూనియర్ లెక్చరర్లకు ఏడాది నిండేదాకా హాఫ్ పే లీవ్ ఖాతా సున్నా. ఏడాది నిండాక 20 రోజులు, కమ్యూటెడ్‌గా చూస్తే పదే. ఎర్న్‌డ్ లీవ్ చేతివేళ్ల మీద లెక్కపెట్టొచ్చు. 2023లో క్రమబద్ధీకరించిన కాంట్రాక్టు లెక్చరర్లదీ ఇదే బాధ. పదిహేనేళ్లు పాఠాలు చెప్పినవాళ్లు కూడా సెలవు ఖాతాలో కొత్తవాళ్లే. వీళ్లకు జబ్బు చేస్తే రెండు వారాల్లో ఈవోఎల్‌లోకి జారిపోతారు. అందుకే వీళ్లు వైద్య ఈవోఎల్‌ను ఇంక్రిమెంట్‌కు లెక్కించే ఉత్తర్వు మీద మొదటి రోజు నుంచే గట్టిగా పట్టుబట్టాలి.

ఆ ఉత్తర్వు దానంతట అదే రాదు. మామూలుగా జరిగేదేమిటంటే, ప్రిన్సిపాల్ లేదా పై అధికారి ఈవోఎల్ మంజూరు చేస్తూ ప్రొసీడింగ్స్ ఇస్తారు. అందులో సెలవు తేదీలు, వైద్య కారణం ఉంటాయి. ఇంక్రిమెంట్ ప్రస్తావన ఉండదు. ఆ మౌనానికి అర్థం, ఆ కాలం లెక్కకు రాదనే. మనం వైద్య ధ్రువపత్రం పెట్టాం కదా అని నిశ్చింతగా ఉంటాం. ధ్రువపత్రం పెట్టడం వల్ల లెక్కించే అర్హత మాత్రమే వస్తుంది, లెక్కించినట్టు కాదు. కాబట్టి తిరిగి చేరిన వారంలోనే రెండో దరఖాస్తు పెట్టాలి. ఫలానా తేదీ నుంచి ఫలానా తేదీ వరకు వైద్య కారణాల మీద వాడుకున్న ఈవోఎల్‌ను ఫండమెంటల్ రూల్ 26 ప్రకారం వార్షిక ఇంక్రిమెంట్‌కు లెక్కించాలని కోరుతూ శాఖాధిపతికి, ప్రిన్సిపాల్ ద్వారా. డిగ్రీ కాలేజీ వాళ్లది కళాశాల విద్యా కమిషనర్‌కు పోతుంది. జూనియర్ కాలేజీ వాళ్లది జిల్లా ఇంటర్ విద్యాధికారి మీదుగా ఇంటర్ విద్యా శాఖాధిపతికి పోతుంది. దాంతో జతచేయాల్సినవి: సెలవు మంజూరు ప్రొసీడింగ్స్, వైద్య ధ్రువపత్రం, ఫిట్‌నెస్ సర్టిఫికెట్, చేరిక నివేదిక, ఎస్‌ఆర్‌లో సెలవు ఖాతా పేజీ ధ్రువీకరించిన నకలు, ఆ సెలవు రోజున ఖాతాలో ఇంకే సెలవూ లేదని ప్రిన్సిపాల్ ఇచ్చే ధ్రువీకరణ. ఈ చివరిది లేక ఫైలు వెనక్కి వచ్చే అవకాశం ఎక్కువ. పై ఆఫీసు మొదట అడిగే ప్రశ్న, "హాఫ్ పే లీవ్ ఉండగా ఈవోఎల్ ఎందుకు పెట్టారు?" అనేదే.

ఫిట్‌నెస్ సర్టిఫికెట్ లేకుండా వైద్య సెలవు నుంచి డ్యూటీలో చేర్చుకోకూడదని ఫండమెంటల్ రూల్ 71 చెబుతుంది. చిన్న ఊళ్ల కాలేజీల్లో మొహమాటానికి ముందు చేర్చుకుని, సర్టిఫికెట్ తర్వాత తెచ్చుకోమంటారు. అది మేలు చేసినట్టు కనిపిస్తుంది గానీ, సర్టిఫికెట్ తేదీ చేరిన తేదీ కంటే తర్వాతిదైతే ఆ మధ్య రోజులు ఏమిటన్న ప్రశ్న ఆడిట్‌లో లేస్తుంది. అదే రోజు తెచ్చుకోండి.

చెప్పకుండా మానేసిన రోజుల సంగతి పూర్తిగా వేరు. అనుమతి లేని గైర్హాజరును డైస్ నాన్ (సర్వీసుగా లెక్కించని కాలం) చేస్తే అది ఇంక్రిమెంట్‌కు గానీ, సెలవు జమకు గానీ, పెన్షన్‌కు గానీ రాదు. ఏడాదికి మించి అనుమతి లేకుండా ఉంటే, లేదా సెలవు మీదైనా సరే ఐదేళ్లు దాటితే, రాజీనామా చేసినట్టు పరిగణించే నిబంధన ఉంది. అమెరికాలో పిల్లల దగ్గరికి పోయి సెలవు పొడిగింపు మంజూరు కాకముందే అక్కడే ఉండిపోయేవాళ్లు దీన్ని తేలిగ్గా తీసుకుంటున్నారు. పొడిగింపు దరఖాస్తు పెట్టడం వేరు, మంజూరు కావడం వేరు.

ప్రొబేషన్ లెక్క ఇంకా కఠినం. రాష్ట్ర సర్వీసు నిబంధనల్లో నేరుగా నియమితులైనవారు మూడేళ్ల నిరంతర కాలంలో రెండేళ్లు డ్యూటీలో ఉండాలి. ఇక్కడ మాట "డ్యూటీ". ఇంక్రిమెంట్‌కు పనికొచ్చిన ఎర్న్‌డ్ లీవ్, ప్రసూతి సెలవు ఇక్కడ పనికిరావు. క్యాజువల్ లీవ్, వెకేషన్ తప్ప మిగతా ప్రతి సెలవు రోజూ ప్రొబేషన్ ముగిసే తేదీని ఒక రోజు ఆలస్యం చేస్తుంది. ప్రొబేషన్‌లో 180 రోజుల ప్రసూతి సెలవు తీసుకుంటే రెండేళ్లకు బదులు రెండున్నరేళ్లకు పూర్తవుతుంది, మూడేళ్ల గడువులోనే ఉంటుంది కాబట్టి భయం లేదు. ఆ తర్వాత చైల్డ్ కేర్ లీవ్ 90 రోజులూ పెట్టేసినా గడువులోనే ఉంటారు. ఆ పైన ఇంకో నాలుగు నెలల ఈవోఎల్ పెడితే మాత్రం మూడేళ్ల గీత దాటిపోతారు. ప్రొబేషన్ ప్రకటించే ఉత్తర్వు ఆలస్యమైతే దాని మీద ఆధారపడినవన్నీ ఆలస్యమే. చైల్డ్ కేర్ లీవ్‌ను విడతకు 15 రోజులకు మించకుండానే ఇస్తారు, పిల్లలకు 18 ఏళ్లు వచ్చేదాకా వాడుకోవచ్చు. కాబట్టి వీలైతే దాన్ని ప్రొబేషన్ అయ్యేదాకా దాచుకోవడమే తెలివైన పని అని నా అభిప్రాయం.

ఇక డిగ్రీ లెక్చరర్లకు అసలు డబ్బు ఉన్నచోటు, క్యాస్. యూజీసీ 2018 నిబంధనల ప్రకారం అసిస్టెంట్ ప్రొఫెసర్ లెవల్ 10 నుంచి 11కు పోవడానికి పీహెచ్‌డీ ఉంటే నాలుగేళ్లు, ఎంఫిల్ ఉంటే ఐదేళ్లు, రెండూ లేకుంటే ఆరేళ్లు కావాలి. లెవల్ 11లో ఐదేళ్లు ఉంటే 12. అక్కడి నుంచి మూడేళ్లకు, పీహెచ్‌డీతో, అసోసియేట్ ప్రొఫెసర్ లెవల్ 13ఏ. లెవల్ 11 రూ. 68,900తో మొదలవుతుంది, 12 రూ. 79,800తో, 13ఏ రూ. 1,31,400తో. ఆ చివరి అడుగు ఎంత పెద్దదో అంకెలే చెబుతున్నాయి. దాన్ని ఏ సెలవైనా ఏడాది వెనక్కి నెడితే నెలకు ఎన్ని వేలు పోతాయో ఎవరికి వారే లెక్కేసుకోవచ్చు.

క్యాస్‌లో ప్రతి ఏడాదికీ ఒక గ్రేడ్ ఇస్తారు. కేటాయించిన క్లాసుల్లో 80 శాతం, ఆపైన తీసుకుంటే "గుడ్", 70 నుంచి 80 లోపు "శాటిస్‌ఫాక్టరీ", 70 కంటే తగ్గితే "నాట్ శాటిస్‌ఫాక్టరీ". సెలవు పెట్టినవాళ్ల బతుకు ఈ శాతం లెక్కించే తీరు మీద ఆధారపడుతుంది. ఒక మేడంకు ఏడాదికి 400 క్లాసులు కేటాయించారు. ఆరు నెలలు ప్రసూతి సెలవులో ఉన్నారు. మిగిలిన కాలంలో ఆమెకు 210 క్లాసులు వచ్చాయి, 180 తీసుకున్నారు. సరైన లెక్క 210కి 180, అంటే 85 శాతం పైన, "గుడ్". 400కి 180 అని లెక్కేస్తే 45 శాతం, "నాట్ శాటిస్‌ఫాక్టరీ". కాగితం మీద ఆ ఒక్క భాగహారంతో ఒక ఏడాది పోతుంది.

నిబంధనలు ఈ విషయంలో ఆమె పక్షానే ఉన్నాయి. 2018 నిబంధనల అనుబంధం 2లో, మొదటి పట్టిక కింద ఉన్న గమనిక స్పష్టంగా చెబుతుంది: ప్రసూతి, చైల్డ్ కేర్, స్టడీ, మెడికల్, ఎక్స్‌ట్రా ఆర్డినరీ లీవులు, డిప్యుటేషన్ కాలాన్ని గ్రేడ్ మదింపు నుంచి తీసేయాలి. మిగిలిన కాలంలో చేసిన పనిని మదింపు కాలం మొత్తానికి విస్తరించి గ్రేడ్ ఇవ్వాలి. ఆ సెలవుల కారణంగా క్యాస్‌లో ఎవరికీ నష్టం చేయకూడదు. ఒక షరతు ఉంది: ఆ సెలవు అధికారి ముందస్తు అనుమతితో, పద్ధతి ప్రకారం తీసుకున్నదై ఉండాలి. కాబట్టి క్యాస్ దరఖాస్తులో ఆ ఏడాది గడి పక్కనే సెలవు ప్రొసీడింగ్స్ నంబరు, తేదీ రాయండి. ఈ గమనిక ఉన్న పేజీ నకలు జతచేయండి. విభాగం టైమ్‌టేబుల్‌లో సెలవుకు ముందూ తర్వాతా మీకు ఎన్ని క్లాసులు పడ్డాయో ప్రిన్సిపాల్ సంతకంతో ఒక షీట్ పెట్టండి. ఐక్యూఏసీ (కాలేజీలో నాణ్యత చూసే విభాగం) సమన్వయకర్త సాధారణంగా ఏడాది మొత్తం సంఖ్య పెట్టి ఫారం నింపేస్తారు. అప్పుడే సరిచేయించుకోవాలి, స్క్రీనింగ్ కమిటీ దాకా పోనివ్వొద్దు.

గ్రేడ్ కాపాడుకోవడం ఒకటి, సర్వీసు సంవత్సరాలు నిండటం ఇంకొకటి. పీహెచ్‌డీ కోసం సెలవు పెట్టేవాళ్లు ఇక్కడ బాగా ఆలోచించాలి. యూజీసీ నిబంధన 3.11 ప్రకారం సెలవు పెట్టకుండా, పాఠాలు చెబుతూనే పీహెచ్‌డీ చేసిన కాలం బోధనా అనుభవంగా లెక్కకు వస్తుంది. డిగ్రీ సంపాదించడానికి సెలవులో గడిపిన కాలం రాదు. ఇంక్రిమెంట్ వైపు చూస్తే స్టడీ లీవ్‌తో భయం లేదు. యూజీసీ నిబంధనలే చెబుతున్నట్టు, తిరిగి చేరాక సెలవులో వచ్చి ఉండాల్సిన ఇంక్రిమెంట్లన్నీ కలిపి వేతనం స్థిరపరుస్తారు, ఎరియర్స్ మాత్రం ఇవ్వరు. మహాత్మాగాంధీ యూనివర్సిటీ, పాలమూరు యూనివర్సిటీ లాంటి చోట్ల అధ్యాపకులకు ఇదే దారి. ప్రభుత్వ డిగ్రీ కాలేజీలో స్టడీ లీవ్ మంజూరు ఫండమెంటల్ రూల్ 84 కింద నడుస్తుంది.

లెక్క వేసి చూడండి. పీహెచ్‌డీ లేకుంటే లెవల్ 11కు ఆరేళ్లు, ఉంటే నాలుగు. లాభం రెండేళ్లు. రెండేళ్లు స్టడీ లీవ్ పెట్టి, అవి బోధనా అనుభవంలోకి రాకుంటే లాభమంతా అక్కడికక్కడే చెల్లు. పీహెచ్‌డీ వద్దని చెప్పడం లేదు. అది లేకుండా 13ఏ తలుపు తెరుచుకోదు కాబట్టి చేయాల్సిందే. కానీ వీలైనంత భాగం ఉద్యోగం చేస్తూ పార్ట్ టైమ్‌గా నమోదై, థీసిస్ రాత దశకు మాత్రమే సెలవు దాచుకుంటే సంవత్సరాలు పోవు.

ప్రమోషన్‌లో వేతనం స్థిరీకరించేటప్పుడు ముందు పాత లెవల్‌లోనే ఒక మెట్టు పైకి వేసి, ఆ మొత్తం కొత్త లెవల్‌లో ఎక్కడ కుదురుతుందో చూస్తారు. అదే అంకె లేకుంటే పై మెట్టు, మొదటి మెట్టుకంటే తక్కువైతే మొదటి మెట్టు. నాలుగేళ్లకు 64,900లో ఉన్న పీహెచ్‌డీ లెక్చరర్‌కు ఒక మెట్టు కలిపితే 66,800, అది లెవల్ 11 మొదటి మెట్టు కన్నా తక్కువ, కాబట్టి 68,900. ఆరేళ్లకు 68,800 మీద ఉన్నవారికి 70,900, లెవల్ 11లో ఆ అంకె లేదు, కాబట్టి 71,000. ఈవోఎల్ వల్ల ఒక ఇంక్రిమెంట్ వెనకబడి 66,800 దగ్గరే ఉంటే, ఒక మెట్టు కలిపితే 68,800, కాబట్టి వచ్చేది 68,900. ఒక ఇంక్రిమెంట్ తేడా 2,000 అనుకుంటే ప్రమోషన్ రోజున అది 2,100 అయింది.

ఇంకొకటి. అర్హత నిండిన నాడే దరఖాస్తు పెట్టి నెగ్గితే ప్రమోషన్ ఆ అర్హత తేదీ నుంచే వర్తిస్తుంది. తర్వాతెప్పుడో అర్హత కుదిరిందని తర్వాత పెట్టుకుంటే ఆ తర్వాతి తేదీ నుంచే. కాబట్టి సెలవులో ఉన్నా సరే, అర్హత తేదీ వచ్చినప్పుడు దరఖాస్తు ఆగకూడదు. ప్రసూతి సెలవులో ఉన్నవారు తిరిగొచ్చాక చూద్దాంలే అనుకుంటే ఆ నెలలు ఊరికే పోతాయి. ఓరియెంటేషన్, రిఫ్రెషర్ కోర్సులు పూర్తికాక అర్హత ఆగే ప్రమాదమూ ఉంది, కాబట్టి ఉస్మానియాలోని శిక్షణ కేంద్రంలో గానీ, ఆన్‌లైన్‌లో గానీ వాటిని ముందే ముగించుకోవాలి. వాటికి వెళ్లేది ఆన్ డ్యూటీ మీద, సొంత సెలవు పెట్టి పోవద్దు.

జూనియర్ లెక్చరర్లకు క్యాస్ లేదు, ఆటోమేటిక్ అడ్వాన్స్‌మెంట్ ఉంది: అదే పోస్టులో 6, 12, 18, 24 ఏళ్లకు. దానికి లెక్కించేది ఇంక్రిమెంట్‌కు లెక్కకొచ్చిన సర్వీసే. మొదటి ఏళ్లలో పెట్టిన నాలుగు నెలల ఈవోఎల్‌ను రూల్ 26 కింద లెక్కించకపోతే నాలుగు మెట్లూ నాలుగేసి నెలలు వెనక్కి పోతాయి.

చివరగా రికవరీ. ఈవోఎల్ ఉత్తర్వులో ఇంక్రిమెంట్ మాట లేకున్నా, బిల్లు చేసేవాళ్లు గమనించక ఇంక్రిమెంట్ ఎప్పటిలాగే వేసుకుంటూ పోతారు. పదేళ్ల తర్వాత పీఆర్సీ ఫిక్సేషన్‌లోనో, పెన్షన్ కాగితాలప్పుడో ఆడిట్ పట్టుకుంటుంది, లక్ష చిల్లర తిరిగి కట్టమని నోటీసు వస్తుంది. రఫీక్ మసీహ్ కేసులో సుప్రీంకోర్టు 2014 డిసెంబర్‌లో ఇచ్చిన తీర్పు ప్రకారం రిటైరైనవారి నుంచీ, ఏడాదిలో రిటైరయ్యేవారి నుంచీ, ఐదేళ్లకు మించి అదనంగా చెల్లించిన సందర్భాల్లోనూ, వసూలు చేయకూడదు. నోటీసుకు జవాబులో దాన్ని పేర్కొనండి. అయితే ఆ తీర్పు వసూలునే ఆపుతుంది, వేతనాన్ని తగ్గించి మళ్లీ స్థిరపరచడాన్ని ఆపదు, పెన్షన్ తగ్గిన వేతనం మీదే పడుతుంది. ఆ సెలవు వైద్య కారణం మీద పెట్టినదే అయితే, అప్పటి ధ్రువపత్రం, మంజూరు ప్రొసీడింగ్స్ వెతికి తీసి, ఆ కాలాన్ని ఇంక్రిమెంట్‌కు లెక్కించాలని శాఖాధిపతికి ఇప్పుడైనా దరఖాస్తు పెట్టండి. ఆ ఫైలు తేలేదాకా రీఫిక్సేషన్ ఆపమని ప్రిన్సిపాల్‌కు, ట్రెజరీకి వేర్వేరుగా రాయండి, రెంటికీ రసీదు తీసుకోండి. ఆ ఉత్తర్వు వస్తే అదనంగా చెల్లించిందే లేదు, తిరిగి కట్టాల్సిందీ లేదు.